చదివిపెట్టేవాళ్ళ చేతిలో కత్తెర

మొన్న మా వదిన హైదరాబాదు నుంచి ఫోన్ చేసింది. కుశల ప్రశ్నలన్నీ అయ్యాక గొంతు కాస్త తగ్గించి, "ఇంట్లో ఇంతమంది ఉండి అమ్మకి మిషనుతో చదివిస్తున్నారటగా? తమ్ముడు చెప్పాడు. వినడానికే ఎట్లానో ఉంది నాకు" అంది. ఆవిడ మావారికి అక్క. నాకంటే పదేళ్ళు పెద్ద. అందుకని ఆ నిమిషానికి "ఊ" అని ఊరుకున్నాను. కానీ ఫోను పెట్టేశాక గిన్నెలు తోముకుంటున్నంతసేపూ నాలో నేను జవాబు చెప్పుకుంటూనే ఉన్నాను. ఆ జవాబు ఇక్కడ రాస్తున్నాను. ఈ మాట మా వదిన ఒక్కతే అనలేదు. మా పిన్ని అంది, పక్కింటావిడ అంది, గుళ్ళో కనిపించిన ఒక పెద్దాయన "కలికాలం" అని కూడా అన్నారు. వీళ్ళలో ఒక్కరైనా ఎవరికైనా రోజూ ఒక పేజీ పైకి చదివిపెట్టినవాళ్ళు కారు. ఆ సంగతి ముందే చెప్పేస్తున్నాను.

మా అత్తయ్యకి 76. చదువు ఎస్సెల్సీ దాకానే, కానీ చదవడం మాత్రం నేను చూసిన ఎమ్మేలకంటే ఎక్కువ. నేను కాపురానికి వచ్చేనాటికి ఈ ఇంట్లో మూడు వారపత్రికలు, ఒక మాసపత్రిక వచ్చేవి. సీరియల్ పేజీలు చింపి, దారంతో కుట్టి, అట్ట వేసి పెట్టుకునేది. పప్పు ఉడికేలోపు ఒక కథ, మామగారు కునుకు తీసేలోపు ఇంకో కథ. తెలుగు బీయే చదివిన కోడలు వస్తోందని తెలిసి ఆవిడ సంబరపడింది కట్నానికి కాదు, నా వెంట వచ్చిన పుస్తకాల పెట్టెకి.

ఆరేళ్ళ కిందట ఆవిడకి గీతలు వంకరగా కనిపించడం మొదలైంది. తలుపు చట్రం అలలాగా ఉందనేది. కంటి డాక్టరు చూసి, వయసుతో వచ్చే మాక్యులా జబ్బు అన్నారు. కంటి వెనక తెరలో నట్టనడిమి భాగం అరిగిపోతుంది. పక్కచూపు ఉంటుంది, నడవగలరు, మనిషి వచ్చింది లేనిదీ తెలుస్తుంది. కానీ దేన్నయితే సూటిగా చూడాలనుకుంటారో అక్కడే మసక మచ్చ. అంటే అక్షరం. అంటే ముఖం. కళ్ళజోడు మార్చినా ప్రయోజనం ఉండదు. నాలుగేళ్ళుగా ఆవిడ ఒక్క వాక్యం కూడా చదువుకోలేదు.

చదివిపెట్టింది నేను. పొద్దున్న డబ్బాలు సర్దడం అయ్యాక పేపరు ఇరవై నిమిషాలు. మధ్యాహ్నం అన్నాలయ్యాక ఏదో ఒక పుస్తకం అరగంట. ఇది గొప్ప చెప్పుకోవడానికి రాయడం లేదు. ఎంత ప్రేమగా చదివానో నాకు తెలుసు, ఎంత విసుక్కున్నానో కూడా నాకు తెలుసు. అసలు సంగతి నా విసుగు కాదు. "ఖాళీగా ఉన్నావా అమ్మా?" అనే ఆ ప్రశ్న. ప్రతి మధ్యాహ్నం ఆవిడ నా గది గుమ్మం దాకా వచ్చి, గోడ పట్టుకుని నిలబడి, ఆ మాట అడిగేది. ముప్ఫై ఏళ్ళు ఈ ఇంటి తాళాలు నడుముకి కట్టుకుని తిరిగిన మనిషి! నేను పడుకుని ఉంటే చప్పుడు చెయ్యకుండా వెనక్కి వెళ్ళిపోయేది. నేను కళ్ళు మూసుకునే ఆ అడుగులు విన్న రోజులున్నాయి. విని లేవని రోజులూ ఉన్నాయి.

కొన్నాళ్ళకి అడగడం మానేసింది. "అమ్మకి ఈ మధ్య పుస్తకాల మీద ధ్యాస తగ్గింది, వయసు కదా" అని మావారు అన్నారు. మా మరిది అన్నాడు. వదిన కూడా అంది. నేనూ తలాడించాను. ధ్యాస తగ్గలేదు. అడగాలంటే మొహమాటం పెరిగింది. ఇది ఇంట్లో ఉన్న ఆడదాన్ని, నాకు తెలియదా? తెలుసు. తెలియనట్టు ఉంటే అరగంట నిద్ర మిగిలేది.

ఇంకొకటి చెప్పాలి. ఇది ఇంతవరకూ ఎవరికీ చెప్పలేదు. చదివిపెట్టేవాళ్ళ చేతిలో ఎప్పుడూ ఒక కత్తెర ఉంటుంది. పేపర్లో పసిపిల్లల మీద అఘాయిత్యాల వార్తలు నేను చదివేదాన్ని కాదు, "ఆవిడకి రాత్రి నిద్ర పట్టదు" అని. ఎవరైనా పోయిన ప్రకటన ఆవిడ ఎరిగినవాళ్ళదైతే, మావారితో మాట్లాడి, సమయం చూసి చెప్పేదాన్ని. నవలలో నాయికా నాయకులు కాస్త దగ్గరైతే నేను రెండు పేరాలు దాటేసి, "తెల్లవారింది" అని మొదలుపెట్టేదాన్ని. అత్తగారి ఎదురుగా కూర్చుని అవి గట్టిగా చదవడానికి నాకు నోరెలా వస్తుంది? ఆవిడ ఏమీ అనేది కాదు. ఒకసారి మాత్రం, "ఈ పుస్తకంలో రాత్రిళ్ళు మరీ చిన్నవిగా ఉన్నాయే" అంది. ఇద్దరం నవ్వుకున్నాం. కానీ ఆలోచించండి. ఆవిడ ఏం చదవాలో, ఎంత చదవాలో, దేనికి ఏడవాలో నేను నిర్ణయిస్తున్నాను. దాన్ని అందరూ సేవ అంటున్నారు.

మా వీధి చివర బీఎడ్ చదివే అబ్బాయి ఒకడున్నాడు. పుట్టుకతోనే చూపు లేదు. వాళ్ళమ్మ, నేను కూరగాయల బండి దగ్గర స్నేహితులం. ఆ అబ్బాయి కంప్యూటర్ వాడుతుంటే మొదటిసారి చూశాను. ఎన్‌వీడీఏ అని, తెర మీద ఉన్నదంతా పైకి చదివే సాఫ్ట్‌వేర్. 2006లో ఆస్ట్రేలియాలో, చూపు లేని యువకుడే మొదలుపెట్టిన పని. ఉచితం. పెన్‌డ్రైవులో వేసుకుని ఏ విండోస్ కంప్యూటర్‌కైనా తగిలించి వాడుకోవచ్చు. అందులో మాట్లాడేది ఈస్పీక్ అనే చిన్న ఇంజను. అది నూరు భాషలకు పైగా మాట్లాడుతుంది, తెలుగు కూడా. ఆ అబ్బాయి దాన్ని ఎంత వేగంతో వింటాడంటే నాకు చీమలు దండుగా పోతున్న చప్పుడులా వినిపించింది తప్ప ఒక్క ముక్క అర్థం కాలేదు. "మెత్తటి గొంతులు ఈ వేగానికి తట్టుకోవు ఆంటీ, ఇదే నాకు హాయి" అన్నాడు.

అదే మా అత్తయ్యకి వినిపిస్తే, "రేకు డబ్బాలో గులకరాళ్ళు పోసి ఊపినట్టుంది, తీసెయ్యండమ్మా" అంది. అప్పుడు నాకు ఒక సంగతి బోధపడింది. ఆ పిల్లవాడు చిన్నప్పటినుంచీ ఆ గొంతుతో పెరిగాడు. డెబ్భై ఏళ్ళు కళ్ళతో చదివి, ఇప్పుడు చెవి కూడా కొంచెం మందగించిన మనిషికి ఆ గొంతు కొత్త భాష నేర్చుకోవడంతో సమానం. "చూపు లేనివాళ్ళకి ఏదో ఒక గొంతు, అర్థమైతే చాలు కదా" అనేవాళ్ళు ఇంట్లో టీవీ స్పీకరు కాస్త కరకరలాడితే మెకానిక్కుని పిలుస్తారు.

సహజమైన గొంతు అంటే ఏమిటో తెలుగు చదువుకున్నదాన్ని కాబట్టి కొంచెం చెప్పనివ్వండి. మన లిపి ఎలా రాస్తే అలా పలుకుతుందని గర్వంగా చెప్పుకుంటాం. పూర్తిగా నిజం కాదు. "వచ్చాడు" అని రాస్తాం. మనం పలికేది అచ్చమైన "చా" కాదు, ఆకారానికీ ఏకారానికీ మధ్య ఉన్న ఒక సాగదీత. "మేక"లో ఏకారం వేరు, "మేకు"లో ఏకారం వేరు. "చలి"లో చ వేరు, "చిలక"లో చ వేరు. పాత నిఘంటువుల్లో ఆ దంత్య చ, జల నెత్తిన చిన్న గుర్తు పెట్టేవారు, ఇప్పుడు ఎవరూ పెట్టరు. ఇవన్నీ మనకు అమ్మ నోటినుంచి వచ్చాయి, పుస్తకంలోంచి కాదు. సూత్రాలతో పలికే పాత ఇంజన్లకి రాసిన అక్షరమే ఆధారం, అందుకే పరాయిదానిలా వినిపిస్తాయి. కొత్తవి అలా కాదు. ఒక మనిషి గంటల తరబడి చదివిన రికార్డింగు, ఆ చదివిన పాఠం, రెండూ పక్కపక్కన పెట్టి కంప్యూటర్ చేత నేర్పిస్తారు. మనిషి సాగదీసిన చోట అదీ సాగదీస్తుంది, ఆగిన చోట ఆగుతుంది. అన్నిసార్లూ కాదు, చాలాసార్లు.

మావాడు ఇంజనీరింగు రెండో సంవత్సరం. వాడు వెతికి తెచ్చింది పైపర్ అనేది. ఇదీ ఉచితమే. చేతిలో పట్టే చిన్న కంప్యూటర్ల మీద కూడా నడవాలని చేసిన సాఫ్ట్‌వేర్. తెలుగులో ఆడ గొంతులూ మగ గొంతూ ఉన్నాయి. ఒక్కో గొంతు ఫైలు సుమారు 60 ఎంబీ, అంటే పెళ్ళి వీడియోలో ఒక నిమిషంపాటి. ఇన్‌స్టాల్ చెయ్యడాలు లేవు, ఫోల్డరు పెన్‌డ్రైవులో వేస్తే అక్కణ్ణుంచే నడుస్తుంది, ఇంటర్నెట్ అక్కర్లేదు. చిక్కల్లా ఏమిటంటే అందులో నొక్కడానికి బొమ్మలు, మీటలు ఉండవు, ఆదేశాలు టైపు చెయ్యాలి. అందుకని వాడు ఒక చిన్న ఫైలు రాసిపెట్టాడు. ఏ పుస్తకం పాఠాన్నయినా లాక్కొచ్చి దాని మీద పడేస్తే ఆడియో తయారవుతుంది. పాత లాప్‌టాప్ కీబోర్డు మీద మూడు మీటలకి మా అమ్మాయి మఖమల్ బొట్టుబిళ్ళలు అంటించింది. పెద్ద బిళ్ళ నొక్కితే చదువుతుంది, మళ్ళీ నొక్కితే ఆగుతుంది. చిన్నవి రెండూ వెనక్కీ ముందుకీ. పది నిమిషాల్లో అత్తయ్య నేర్చుకుంది. బొట్టుబిళ్ళ ఊడిపోతే తనే తడుముకుని మళ్ళీ అంటించుకుంటోంది.

గొంతు ఎంచుకోమన్నాం. ఆడ గొంతులు విన్నది, మగ గొంతు విన్నది. మగ గొంతు పెట్టమంది. నాకు కాస్త చివుక్కుమన్న మాట నిజమే. ఎందుకత్తయ్యా అంటే, "ఆడగొంతయితే నువ్వు చదువుతున్నట్టే ఉంటుందే. మధ్యలో ఆపాలన్నా, మళ్ళీ మొదటినుంచి చదవమనాలన్నా ప్రాణం ఒప్పదు. వీడైతే ఎవడో మగాడు, చదవనీ" అంది.

వదినా, ఇది చదువుతున్నావో లేదో తెలియదు. చదివితే ఆ మాట రెండుసార్లు చదువు.

ఇక దస్తావేజు సంగతికి వస్తాను. మామగారి ఊళ్ళో ఇల్లు ఉంది, దాని భాగ పరిష్కారం కాగితాలు ఈ సంక్రాంతికి ముందు తయారయ్యాయి. వీధివైపు ఉన్న కొట్టుగది అద్దె అత్తయ్య ఉన్నన్నాళ్ళూ అత్తయ్యకే అని అందరూ కూర్చుని నోటిమాటగా అనుకున్నారు. డ్రాఫ్టు వచ్చింది. ఆవిడ నన్ను చదవమంది. చదివాను. మూడు పేజీల తూర్పు, పడమర హద్దులు, "సదరు", "మజ్కూరు", "పైన వివరింపబడిన" అన్నీ చదివేటప్పటికి కుక్కర్ నాలుగో కూత వేసింది. అక్కణ్ణుంచి "ఇంకంతా మామూలేనత్తయ్యా, సంతకాల దగ్గరి మాటలు" అని పేజీ తిప్పేశాను. ఆవిడ సరేనంది.

ఆ రాత్రి మనవణ్ణి పిలిచి ఆ కాగితం మిషనులో పెట్టమంది. డీటీపీ వాళ్ళ దగ్గరున్న ఫైలు అను ఫాంటులో ఉంది. ఆ తంటా గురించి తర్వాత చెప్తాను. వాడు దాన్ని మార్చి పెట్టేసరికి పది దాటింది. గది తలుపు దగ్గరగా వేసుకుని ఆవిడ రెండుసార్లు విన్నది. పొద్దున్నే కాఫీ గ్లాసు చేతిలో పట్టుకుని మావారితో, "ఆరో పేరాలో కొట్టు అద్దె ఉభయ భాగస్తులూ సమానంగా అని ఉందే, మనం అనుకున్నది అది కాదు కదరా?" అంది.

మావారు నా వంక చూశారు. నేను పొయ్యి వంక చూశాను. లేఖరి పాత నమూనా పెట్టి రాసేశాడు, కావాలని ఎవరూ చెయ్యలేదు అని మా మరిది ఫోన్‌లో అన్నాడు. నమ్ముతున్నాను. చాలావరకు. మర్నాడు ఆ పేరా మార్చి తెచ్చారు. ఇక్కడ తప్పు ఎవరిదైనా ఉందంటే అది పేజీ తిప్పిన నాది. నేను చెడ్డదాన్నీ కాదు, ఆ అద్దె డబ్బులో నాకు ఆశా లేదు. కూర మాడుతుందని తిప్పాను, అంతే. మిషనుకి కూర లేదు. "మజ్కూరు" దగ్గర విసుక్కోదు. ఆవిడ సంతకం పెట్టే కాగితాన్ని, ఆ కాగితంతో లాభనష్టాలున్న ఇంటి కోడలు చదివిపెట్టడమే అసలు పద్ధతి కాదని నాకు ఆ పొద్దున్న తోచింది. మనుషులు చదవాలి, మిషను చదవకూడదు అని వాదించే పెద్దలందరూ దీనికి జవాబు చెప్పాలి. మీ అమ్మగారు సంతకం పెట్టే ముందు ఆ కాగితం ఎవరు చదివారు? మొత్తం చదివారా?

"సరే, ఫోన్‌లో నెట్ ఉంది కదా, అందులో ఎన్నో ఉన్నాయి, ఈ పెన్‌డ్రైవులెందుకు" అని ఇంకో రకం తెలివైనవాళ్ళు. ఉన్నాయి, నేనూ వాడాను. నెట్ మీద దొరికే తెలుగు గొంతులు కొన్ని నిజంగా ఇంతకంటే తీయగా ఉంటాయి, అబద్ధం చెప్పను. కానీ నెట్ మీది గొంతుతో చదివించాలంటే ముందు ఆ కాగితం వాళ్ళకి పంపాలి. ఇంటి హద్దులు, ఎవరి వాటా ఎంత, అత్తయ్య బ్యాంకులో ఎంత వేసుకుంది, డాక్టరు ఏం రాశాడు, ఇవన్నీ ఎక్కడో ఎవరి కంప్యూటర్‌లోకో వెళ్ళి, అక్కడ మాటగా మారి వెనక్కి వస్తాయి. పోస్టు కార్డు మీద ఇంటి గుట్టు రాసి పంపినట్టు. పాతకాలంలో ఉత్తరం చదివించుకోవడానికి పోస్ట్‌మాన్ దగ్గర కూర్చున్న ఆడవాళ్ళ కథలు మనం ఎన్ని చదివాం! అతను మంచివాడైనా, ఊళ్ళో సగం సంగతులు అతనికి తెలిసిపోయేవి.

నేను వాడిన వాటిలో ఒకటి మొదటి వారం ఉచితం అంది, రెండో వారం నవల సరిగ్గా మలుపు దగ్గరుండగా నెలకింత కట్టమంది. డబ్బు కట్టగలం, అది కాదు. 76 ఏళ్ళావిడ చదువు ఎవరి చేతిలోనో మీటగా ఉండడం నాకు నచ్చలేదు. దానికి తోడు మా వీధిలో కోతులు నెలకోసారి కేబుల్ తెంపుతాయి.

పట్టుకెళ్ళగలిగేదిగా ఉండడం ఎందుకంత ముఖ్యమో మగవాళ్ళకి చెప్తే తెలియకపోవచ్చు, మీకు తెలుస్తుంది. మన ఇళ్ళలో తల్లులకి వంతులుంటాయి. నాలుగు నెలలు పెద్దకొడుకు దగ్గర, నాలుగు నెలలు చిన్నకొడుకు దగ్గర, పండగలకీ పురుళ్ళకీ కూతురి దగ్గర. సంచిలో నాలుగు చీరలు, మందుల డబ్బా, జపమాల. ఏ ఇంటికెళ్తే ఆ ఇంటి టీవీలో ఏది వస్తే అది చూడాలి, ఆ ఇంటికి ఏ పేపరొస్తే అది. ఇప్పుడు మా అత్తయ్య సంచిలో మందుల డబ్బా పక్కన ఒక పెన్‌డ్రైవు ఉంటుంది, మంగళసూత్రాల పెట్టెలో పెట్టి. నూట ఇరవై పుస్తకాలు, వాటిని చదివే మనిషి, రెండూ అందులోనే. ఏ ఇంట్లో ఏ పాత కంప్యూటరున్నా చాలు, ఆ ఇంటి వైఫై పాస్‌వర్డు కూడా అడగక్కర్లేదు.

కంప్యూటర్ లేదనేవాళ్ళకి ఒక మాట. ఆండ్రాయిడ్ ఫోన్‌లో గూగుల్ గొంతు ఉంటుంది. సెట్టింగుల్లోకి వెళ్ళి, టెక్స్ట్ టు స్పీచ్ అన్నచోట తెలుగు గొంతు ఒకసారి దించుకుంటే తర్వాత నెట్ ఆపేసినా చదువుతుంది. దీనికి పిల్లలు అయిదు నిమిషాలు కూర్చోవాలి. అమ్మమ్మతో సెల్ఫీ దిగడానికి పట్టేంత సమయమే.

ఇప్పుడు ఆ ఫాంట్ల తంటా. నిజానికి నా కోపంలో ఎక్కువ భాగం దీని మీదే. తెలుగు యూనికోడ్‌లోకి వచ్చింది 1991లో. అప్పుడు నేను లంగా ఓణీల్లో ఉన్నాను. ఇప్పుడు నా కొడుకు ఇంజనీరింగు. ఈనాటికీ మన పుస్తకాలెన్నో అను ఫాంట్లలోనే తయారవుతున్నాయి. కంటికి చక్కటి తెలుగు. లోపల ఉన్నది తెలుగు కాదు, ఇంగ్లీషు అక్షరాలూ ఏవేవో గుర్తులూ, పైన తెలుగు ముసుగు. కళ్ళున్నవాళ్ళకి తేడా తెలియదు. చదివే మిషనుకి మాత్రం అది పిచ్చి కూత. మార్చే సాధనాలున్నాయి, వాడితే ఒత్తులు కొన్ని ఎగిరిపోతాయి, మళ్ళీ కూర్చుని దిద్దాలి. ఇంకొందరు పుస్తకాన్ని ఫొటోలు తీసి పీడీఎఫ్ అని అమ్ముతున్నారు. డబ్బు కట్టి కొన్నాను ఒకటి, ఒక్క అక్షరం బయటికి రాలేదు. రాసి అడిగితే, పాఠం ఇస్తే కాపీ కొట్టేస్తారని జవాబు వచ్చింది. ఫొటోలు కాపీ కొట్టలేరా? దొంగ ఎటూ దొంగతనం చేస్తాడు. తలుపు మూసింది మా అత్తయ్య మొహం మీద.

పైగా ఇది చట్టానికి విరుద్ధమేమో అని భయపెట్టేవాళ్ళూ ఉన్నారు. కాదు. 2012లో మన కాపీరైటు చట్టాన్ని సవరించి, వైకల్యం వల్ల మామూలు పుస్తకం చదవలేనివాళ్ళ కోసం దాన్ని వాళ్ళకి పనికొచ్చే రూపంలోకి, లాభాపేక్ష లేకుండా మార్చుకోవచ్చని రాశారు. చూపు లేనివాళ్ళకి పుస్తకాలు అందాలని 2013లో మర్రకేష్‌లో అంతర్జాతీయ ఒప్పందం జరిగితే, 2014లో ప్రపంచంలో అందరికంటే ముందు దాన్ని ఆమోదించిన దేశం మనదే. కాగితం మీద మనమే మొదటివాళ్ళం. పుస్తకాల దగ్గరికొస్తే అను ఫాంటు.

కాబట్టి అత్తయ్య చదివేవాటిలో పాతవే ఎక్కువ. తెలుగు వికీసోర్సులో ఎవరో పుణ్యాత్ములు కూర్చుని టైపు చేసిన పుస్తకాలు, వీరేశలింగంగారి రచనలు, గురజాడవి. టైపు చేసినవాళ్ళలో ఆడవాళ్ళూ ఉండే ఉంటారు, వంటింటి పని అయ్యాక పేజీ పేజీ కొట్టి ఉంటారు. వాళ్ళకి నా నమస్కారం.

మిషనుకి మనసుంటుందా అని అడిగింది మా పిన్ని. ఉండదు. తప్పులూ చేస్తుంది. "డా." అని ఉంటే "డా" అని ఊరుకుంటుంది. ఫోన్ నంబరు కనిపిస్తే కోట్లలో లెక్కపెడుతుంది. పోతన పద్యం దానికిస్తే రేషన్ సరుకుల జాబితా చదివినట్టు చదివింది, యతి తెలియదు, ఎక్కడ విరవాలో తెలియదు. అత్తయ్య చెవులు మూసుకుని, "పద్యం మాత్రం నువ్వే చదవాలి తల్లీ" అంది. కార్తీకమాసమంతా చదివాను. విసుక్కోకుండా చదివాను, ఎందుకంటే ఆవిడ మొహమాటంతో అడగలేదు, నేను కళ్ళు మూసుకుని పడుకోనూ లేదు. ఇద్దరికీ ఇష్టమై కూర్చున్నాం.

గొంతులో మనసు సంగతి అంటే ఇంకొకటి గుర్తొస్తుంది. స్టీఫెన్ హాకింగ్ మాట్లాడిన యంత్రం గొంతు మనందరం టీవీలో విన్నదే. ఆ గొంతు డెనిస్ క్లాట్ అనే శాస్త్రవేత్త తన సొంత గొంతు ఆధారంగా తయారుచేశాడు. 1984లో వచ్చిన డెక్‌టాక్ యంత్రంలో ఆయన గొంతుతో పాటు, ఆయన భార్య గొంతు నుంచీ కూతురి గొంతు నుంచీ చేసినవి కూడా ఉన్నాయి. తర్వాత ఎంతో మెరుగైన గొంతులు వచ్చినా హాకింగ్ మార్చుకోలేదు, అదే తన గొంతు అన్నాడు. యంత్రం లోపల ఒక ఇల్లు ఉంది చూశారా, తండ్రి, తల్లి, పిల్ల. మా అత్తయ్య వినే మగ గొంతు వెనక కూడా ఎవరో ఒక తెలుగువాడు గదిలో కూర్చుని, మంచినీళ్ళు తాగుతూ, వాక్యం తర్వాత వాక్యం చదివి ఉంటాడు. అతను చదివిపెట్టినట్టు లెక్క కాదా?

పూర్తి స్వతంత్రం వచ్చేసిందని నేననను. కొత్త పుస్తకం కావాలంటే ఆవిడ మనవణ్ణి అడగాలి. వాడు నాలుగు రోజులు చేస్తానంటాడు. కానీ నెలకోసారి అడగడానికీ, రోజూ గుమ్మంలో నిలబడి అడగడానికీ తేడా ఉంది. ఆ గుమ్మంలో నిలబడినవాళ్ళకి తెలుస్తుంది.

అత్తయ్య ఈ నెల వదిన దగ్గరికే వెళ్ళింది. నిన్న రాత్రి వదిన మళ్ళీ ఫోన్ చేసింది. ఈసారి గొంతు ఇంకో రకంగా ఉంది. "రాత్రి పదకొండింటి దాకా తలుపేసుకుని వింటోందే అమ్మ. చెవుల్లో అవి పెట్టుకుంటుంది. మధ్యలో ఒక్కతే నవ్వుకుంటోంది కూడా. ఏం పుస్తకమమ్మా అంటే చెప్పదు. ఏం వింటోందంటావ్?"

"నాకూ తెలియదు వదినా," అన్నాను. "నేను అడగలేదు."